బాబాయి పోయారు

మర్నాడు అన్న కూతురి పెళ్ళి. ముందురోజు పొద్దున ఇల్లు శుద్ధి చేసే పుణ్యాహవాచనం. ఆ మంత్రజలం తన నెత్తిన కూడా పడాలని లిఫ్టు మెకానిక్ అయిన బాబాయి చీకటుండగానే మొదటి బస్సెక్కాడు.

గడప దాటగానే ఏదో తేడాగా అనిపించింది. హాల్లో అందరూ తలారా తడిసి, బిగుసుకుని నిలబడ్డారు. జుట్టు కొసల నుంచి నీళ్ళు నేలమీద పడే చప్పుడు తప్ప ఇంకేమీ లేదు. "అన్నయ్యా" అని పిలిచాడు. అన్నగారు ఆయన గుండా వెనక గోడను చూస్తున్నట్టు చూశాడు. వదినగారు కళ్ళు మూసుకుని పెదవులు కదిపింది. ఎప్పుడూ భుజం పట్టుకు వేలాడే పెళ్ళికూతురు వెనక్కి నడిచి తలుపు చాటుకు పోయింది.

మూలన స్టూలు మీద దీపం. దాని వెనక తన ఫోటో.

బస్సులో కండక్టరు తననొక్కణ్ణే టిక్కెట్టు అడగలేదన్న సంగతి అప్పుడు గుర్తొచ్చింది. బాబాయి పురోహితుడి వైపు తిరిగాడు.

"నేను... ఎప్పుడు?"

"పొద్దున్నే. మీ ఆవిడే ఫోన్ చేశారు" అన్నాడు పురోహితుడు, కలశం అడ్డు పెట్టుకుని.

ఇంటికి పెద్దదైన అక్కగారు మాత్రం తిన్నగా వచ్చి ఆయన చెయ్యి గట్టిగా గిల్లింది. బాబాయి కెవ్వుమన్నాడు. అందరికీ ఊపిరొచ్చింది. బాబాయి భార్య ఫోన్లో, జలుబుతో బొంగురుపోయిన గొంతుతో "ఆయన చీకట్లోనే పోయారు బావగారూ" అన్నదట. బస్సుకని చెప్పేలోపే లైను తెగిందట. ఇక్కడ అందరూ మైల స్నానాలు చేసి పెళ్ళి ఆపెయ్యాలనుకున్నారట.

అన్నగారు తమ్ముణ్ణి కావలించుకుని భోరుమన్నాడు. పోయాడనుకున్న మనిషి తిరిగొస్తే మళ్ళీ పుట్టినట్టేనని, ఆ తంతు జరిపి ఇంట్లోకి తీసుకోవాలని పురోహితుడు తేల్చాడు. బట్టతల బాబాయిని పీట మీద కూర్చోబెట్టి, తేనె నాకించి, ఆయన పేరు ఆయన చెవిలోనే చెప్పారు. పెళ్ళికూతురు నవ్వాపుకోలేకపోయింది.

"పుట్టాడు, సంతోషం. మరి పురిటి మైల మాటేమిటి?" అంది అక్కగారు.

పురోహితుడు కలశం కింద పెట్టేశాడు.

ఇంట్లో పురుడొచ్చింది, పెళ్ళి పదిరోజులు వాయిదా అని మగపెళ్ళివారికి కబురు వెళ్ళింది. ఎవరికి పురుడని వాళ్ళడిగితే అన్నగారు ఫోన్ పెట్టేశాడు.

బాబాయి ఆ పదిరోజులూ అక్కడే ఉన్నాడు. పసివాణ్ణి బస్సెక్కించకూడదని అక్కగారు పంపలేదు.