జ్ఞానమ్మ ఉలవచారు మీద నలభై ఆరు పరిశోధనలు

నరసరావుపేట శివారులోని మా కళాశాల వెలువరిస్తున్న ‘కాలపాకం’ అనే అంతర్జాతీయ పరిశోధన పత్రిక మూడో ఏట అడుగుపెట్టిందని సవినయంగా తెలియజేస్తున్నాం. కాలాన్ని మార్చే మాంత్రిక వంటకాల మీద వస్తున్న పత్రిక ప్రపంచంలో ఇదొక్కటే. ఇంకొకటి ఉందని ఇంతవరకు ఎవరూ నిరూపించలేదు కాబట్టి అగ్రస్థానం కూడా దీనిదే.

పరిశోధనకు మూలం మా హాస్టల్ వంటమనిషి జ్ఞానమ్మ కాచే ఉలవచారు. వెల్దుర్తి నుంచి వచ్చి ఇరవై రెండేళ్లుగా ఇక్కడే వండుతోంది. ఆ చారు ఒక్క గరిటె లోపలికి పోతే మనిషి సరిగ్గా అరగంట వెనక్కి పోతాడు. ఊరు, ఎండ, బస్సులు ముందుకే నడుస్తాయి. తాగినవాడి ఒళ్లు, మనసు, చేతి గడియారం మాత్రం అరగంట క్రితం ఎలా ఉన్నాయో అలా అయిపోతాయి. ఆ అరగంటలో పడ్డ అలసట, తిన్న తిట్లు, విన్న పాఠం ఏదీ మిగలదు. మిరపకోతకు పోయే ఆడవాళ్లు నడుము పట్టేసినప్పుడు వచ్చి ఒక గరిటె తాగిపోయేవారు. పిల్లలు లెక్కల క్లాసు కాగానే వచ్చేవారు. దీన్నెవరూ వింతగా చూడలేదు.

పదోన్నతికి పరిశోధన పత్రాలు కావాలని ఉత్తర్వు వచ్చాక గాని చారులో ఇంత శాస్త్రం ఉందని ప్రిన్సిపాల్ గోపాలకృష్ణయ్యగారికి తట్టలేదు. రెండేళ్లలో నలభై ఆరు పత్రాలు అచ్చయ్యాయి. ‘ఉలవచారు సేవనానంతర కాలవ్యత్యయం: ఒక విహంగావలోకనం’ ఆయనదే. రచయితలందరూ గొప్ప నిగ్రహం పాటించారు. ఒక్కరూ ఆ చారు నోట పెట్టలేదు. హాస్టల్ వంట, అందునా జ్ఞానమ్మ చేతివంట, తమ ఒంటికి పడదన్నారు. ఎందుకు పడదో అందరికీ తెలుసు కాబట్టి ఎవరూ అడగలేదు. జ్ఞానమ్మకూ అన్యాయం జరగలేదు. ప్రతి సంచిక చివరి పేజీలో ఆమె పేరు వేశారు: ‘పొయ్యి, గిన్నెలు సమకూర్చినవారు’.

ఇది చాలదనిపించింది రసాయనశాస్త్రం చెప్పే వందనకు. కొత్తగా చేరిన మనిషి, ఇంకా పద్ధతులు తెలియవు. నెలరోజులు పొయ్యి పక్కన కూర్చుని జ్ఞానమ్మ చెప్పిందంతా రాసుకుంది.

“పత్రికకు నీ పేరుతోనే పంపుతున్నానత్తా,” అంది.

“మా అమ్మ పేరు గూడా రాయి తల్లీ. కృపమ్మ. ఈ చారు ఆమె నేర్పిందే. సమాధి రాయి మీద తప్ప ఆమె పేరు ఇంకేడా లేదు,” అంది జ్ఞానమ్మ.

పత్రాన్ని ఇద్దరు నిపుణులు పరిశీలించారు. ‘సరిపడా’ అనే కొలత అంతర్జాతీయ ప్రమాణాల్లో లేదన్నారు మొదటివారు. ఈ రంగంలోని పెద్దల నలభై ఆరు పత్రాలను రచయిత్రి చదివినట్టు లేదన్నారు రెండోవారు. ఆ తర్వాత కంప్యూటర్ చూసి, ఇందులో తొంభై రెండు శాతం ప్రిన్సిపాల్‌గారి పత్రంలో ఉన్నదేనని తేల్చింది. తన చారును తానే దొంగిలించినందుకు ఉద్యోగం నుంచి ఎందుకు తీసెయ్యకూడదో చెప్పమని జ్ఞానమ్మకు నోటీసు వెళ్లింది. బయటినుంచి పిలిపించిన ముగ్గురు పెద్దలతో విచారణ సంఘం వేశారు. ముందు భోజనం, తర్వాత న్యాయం.

“పెద్దలకు ఆ చారే వడ్డించు. మన కళాశాల పేరు నిలవాలి,” అన్నారు ప్రిన్సిపాల్‌గారు.

“వద్దయ్యా. పని పెట్టుకున్నోళ్లు తాగే చారు కాదది. మళ్లా మొదటికొస్తది.”

“అది పరిశోధన. ఇది భోజనం. రెండూ కలపకు.”

ఒంటిగంటకు పెద్దలు కూర్చున్నారు. చారు అమోఘమని త్రేన్చి, చేతులు కడుక్కున్నారు. కడుక్కునేలోగా వారి గడియారాల్లో మళ్లీ ఒంటిగంట అయింది, కడుపులో ఆకలి పుట్టింది. “కాలం విలువైనది. భోజనం కానిస్తే విచారణ మొదలుపెడదాం,” అని అధ్యక్షులు గంభీరంగా సెలవిచ్చారు. మళ్లీ వడ్డించారు. అధ్యక్షులు మళ్లీ గంభీరంగా సెలవిచ్చారు. ఇలా ఏడు పంక్తులు లేచాయి. విచారణ నిరాటంకంగా సాగుతోందని ప్రిన్సిపాల్‌గారు రికార్డులో రాయించారు.

సాయంత్రానికి గుండిగ ఖాళీ అయింది. పెద్దలకు మాత్రం ఒంటిగంటే. అన్నం అడిగితే లేదన్నారు. ఆకలితో న్యాయం చెప్పడం కష్టమని, ముందే టైపు చేసి ఉంచిన తీర్పు మీద సంతకాలు పెట్టి వెళ్లిపోయారు. కింద పెన్నుతో ఇంకో నేరం చేర్చారు: విచారణ సంఘానికి భోజనం పెట్టలేదు.

జ్ఞానమ్మ గరిటె కడుక్కుని బయటికొచ్చింది. వందన రాజీనామా ఇచ్చి ఆమె వెంట నడిచింది. మాచర్ల రోడ్డు పక్కన రేకుల పాక వేశారు. ‘కృపమ్మ ఉలవచారు’ అని పెద్ద అక్షరాలతో బోర్డు రాసింది వందన. ఆ రోజు జ్ఞానమ్మ పొయ్యి వెలిగించకుండా చానాసేపు బోర్డు కింద నిలబడిపోయింది.

మూడో వారంలో ప్రిన్సిపాల్‌గారి కారు ఆ దారిన పోతూ బోర్డు చూసి ఆగింది. ఆయన దిగి, పేరు రెండుసార్లు చదివి, తల దించుకున్నారు.

“తప్పు చేశాను జ్ఞానమ్మా. ఆ పత్రం నీ పేరుతో, మీ అమ్మ పేరుతో అచ్చు వేయిస్తాను.”

ఆయన కళ్లలో నిజంగానే నీళ్లు. జ్ఞానమ్మ కూడా కొంగుతో కళ్లు తుడుచుకుంది.

“ఇన్నాళ్లూ నీ చేతివంట తినకపోవడం ఇంకో తప్పు. ఒక గరిటె చారు పోయ్,” అన్నారు.

“తాగితే ఈ మాట మిగలదయ్యా.”

“నేను మాట తప్పే మనిషిని కాదు.”

తాగారు. గ్లాసు దించి చుట్టూ చూశారు. “నన్నిక్కడ ఎవరు దింపారు? ఏంది జ్ఞానమ్మా, కళాశాల సొత్తు రోడ్డు మీద అమ్ముతున్నావా?” అని కారెక్కారు.

“తెలిసీ ఎందుకు పోశావత్తా?” అంది వందన.

“అడిగినోళ్లకు లేదనలేనే అమ్మాయ్. అయినా ఆయన ఏడ్చింది అబద్ధం కాదు. నేను చూశాగా.”

ఇప్పటికి ఆయన పదకొండు సార్లు క్షమాపణ చెప్పారు. ప్రతిసారీ మొదటిసారే. ఈమధ్య పాక ముందు మిరపకోత ఆడవాళ్లకు చోటు దొరకడం లేదు. మాట ఇచ్చి వచ్చినవారు, నేరం కళ్లారా చూసి వచ్చినవారు, పక్కింట్లో కేకలు విని వచ్చినవారు వరసలో ఉంటున్నారు. తాగి, తేలికపడి, తమకేమీ తెలియదని మనస్ఫూర్తిగా చెబుతూ ఇళ్లకు పోతున్నారు.

మీరు ఆ పాకకు ఎన్నడూ వెళ్లలేదంటారా? నమ్ముతాం. జ్ఞానమ్మ మాత్రం మిమ్మల్ని గుర్తుపడుతుంది.