ఎంతమంది ఉంటే అన్ని ఊచలు

ఆ రోజు గుర్రప్ప పెట్టుకున్న పని చాలా చిన్నది. పొద్దున్నే ప్రొద్దుటూరు వెళ్లి, తమ్ముడి కూతురు నిర్మల అక్కడొక హాల్లో ఏర్పాటు చేసిన కంప్యూటర్ బొమ్మను చూడటం, మధ్యాహ్నం సంగటి వేళకు జమ్మలమడుగు దగ్గరున్న తమ ఊరికి తిరిగి రావడం. ఇందులో కష్టమైన ముక్క ఒక్కటే ఉంది. ఆ బొమ్మను ఒంటరిగా చూడాలి.

పాతికేళ్ల కిందట ఫ్యాక్షన్ గొడవల్లో గుర్రప్ప అన్న ఒక్కడే పొలానికి వెళ్లి శవమై తిరిగొచ్చాడు. అప్పటి నుంచి గుర్రప్పను ఎవరూ ఒక్కణ్ణి వదల్లేదు. నిద్రపోతే మంచం చుట్టూ మనుషులు. స్నానానికి వెళ్తే తలుపు బయట నమ్మినబంటు కుళ్లాయప్ప నిలబడి, నీళ్ల చప్పుడు ఆగితే చాలు, "నాయనా, ఉండావా?" అని కేకేసేవాడు. ఆయన ఫోను కూడా కుళ్లాయప్ప జేబులోనే ఉండేది. కాలం మారి కత్తుల స్థానంలో కండువాలు వచ్చాయి గానీ కాపలా మాత్రం అలాగే ఉండిపోయింది. నిజం చెప్పాలంటే అంతమందిలో ఆయనంత ఏకాకి లేడు. మనసులో మాట ఒకరికి చెప్పుకుందామంటే పదిమంది వినేవారు.

"గదిలో పెద్ద తెర ఉంటాది పెద్దనాయనా," అని నిర్మల ముందురోజే హైదరాబాదు నుంచి ఫోన్లో చెప్పింది. "ముందర నిలబడితే కెమెరా చూసి నీ బొమ్మ ఏస్తాది. నీ పక్కన ఎంతమంది ఉంటే నీ బొమ్మ ముందర అన్ని ఇనప ఊచలు లేస్తాయి. ఒక్కనివే ఉంటే ఊచలుండవు. అంతా బయలే. చెయ్యెత్తితే పిట్టలెగురుతాయి."

చచ్చేలోగా ఒక్కసారి ఆ బయల్లో ఒంటరిగా నిలబడాలని గుర్రప్పకు గట్టిగా అనిపించింది.

"మీరంతా ఈడనే ఉండండిరా," అన్నాడు హాలు ముందు జీపు దిగుతూ.

"ఒక్కనివే చీకటి గదిలోకా?" కుళ్లాయప్ప గుండెమీద చెయ్యేసుకున్నాడు. "ఇంటికి పోయినాక అమ్మకు నేనేం జెప్పల్ల?"

అందరూ లోపలికి వచ్చారు. తెరమీద గుర్రప్ప బొమ్మ లేచింది. దాని ముందు టకటకా ఊచలు లేచాయి.

"నాయనను జైల్లో ఏసినారు సూడండ్రా!" అని ఒకడు అరిచాడు.

"ఇది ఆదెన్న పనే," అని ఇంకొకడు తేల్చాడు. ఆదెన్న అవతలి పార్టీ నాయకుడు. గుర్రప్ప ఇంట్లో పాలు విరిగినా ఆయన పనే.

"అన్నా, మీరు బయటికి పోతే ఊచలు పోతాయంట," అని హాలు వాచ్‌మన్ నబీ రసూల్ మొత్తుకున్నాడు.

"నాయనను జైల్లో ఇడిసిపెట్టి యాడికి పోయేదప్పా?" అని కుళ్లాయప్ప జీపుల దగ్గరున్నవాళ్లను కూడా లోపలికి పిలిచాడు. ఊచలు మరింత చిక్కబడ్డాయి. ఒక బుద్ధిమంతుడు రుజువు కోసమని ఫొటో తీసి నలుగురికీ పంపాడు.

ఆ ఫొటో ఆదెన్న మనుషులకు చేరేసరికి అందులో తెర ఉందన్న సంగతి ఎవరికీ పట్టలేదు. గుర్రప్ప ఉన్నాడు, ఊచలున్నాయి, అంతే చాలు. అరెస్టయ్యాడని సంబరంగా ప్రొద్దుటూరొచ్చి, హాలు ముందు గుర్రప్ప జీపులు కనబడగానే వాటి ఎదురుగా టపాకాయల సరం అంటించారు. ఆ చప్పుడుకు ఈ ప్రాంతంలో దీపావళి ఎవరికీ గుర్తుకు రాదు.

"బాంబులురా!" అంటూ కుళ్లాయప్పతో సహా అందరూ బయటికి దూకారు. నబీ రసూల్ వెనక గోడ దూకాడు. పోలీసులు వచ్చి రెండు పార్టీలవాళ్లనూ దొరికినవాళ్లను దొరికినట్టు వ్యాన్లలోకి ఎక్కించారు.

లోపల గుర్రప్ప మిగిలాడు. తెరమీద ఊచలు ఒక్కొక్కటే మాయమై, కనుచూపు మేర బయలు పరుచుకుంది. భయంభయంగా చెయ్యెత్తాడు. పిట్టలు గుంపుగా లేచాయి. ఆయన పసివాడిలా నవ్వాడు.

"సూసినావంట్రా కుళ్లాయప్పా!" అంటూ పక్కకు తిరిగాడు.

పక్కన ఎవరూ లేరు. ఆయనకు ఒక్కసారిగా దిగులేసింది. ఆ బయల్లో ఇంక నిలవలేక వీధిలోకి వచ్చాడు.

వీధిలో ఎవరూ నమస్కారం పెట్టలేదు. ఊరికి ఆయన ముఖం ఎప్పుడూ మనుషుల భుజాల మధ్యే కనబడింది. భుజాలు లేకపోయేసరికి ముఖాన్ని ఎవరూ ఆనవాలు పట్టలేదు. తోపుడుబండి దగ్గర అఖ్తర్ బీ, "పక్కకు జరుగు తాతా, బేరానికి అడ్డం," అని కసిరింది. ఆయన జరిగాడు.

తన మనుషులను పట్టుకుపోయారని విని పోలీసు స్టేషన్‌కు నడిచాడు. అక్కడ కోస్తా నుంచి కొత్తగా వచ్చిన కానిస్టేబులు ఉన్నాడు.

"నేను గుర్రప్పను. నా మనుషులు యాడుండారు?"

"ఇక్కడ చోటు చాలక పులివెందుల పంపించారండి. గుర్రప్పగారు ఒక్కరే ఎక్కడికీ రారని మావాళ్లు చెప్పారే! మిమ్మల్ని ఎరిగినవాళ్లు ఎవరైనా ఉంటే తీసుకురండి."

గుర్రప్ప ఎంత ఆలోచించినా తన మనుషులు కాక ఇంకొక్కరూ తట్టలేదు. అప్పుడు బెంచీ చివరనున్న ముసలాయన తలెత్తాడు. ఆదెన్న. ఆయన మనుషులు సంబరంలో ఆయన్ను ఇంటి దగ్గరే మరిచి వచ్చారు. వాళ్లకోసం ఆటోలో వచ్చి, ఆయన కూడా తానెవరో నిరూపించుకోలేక కూర్చున్నాడు.

"ఈయప్ప గుర్రప్పే సార్. ఎప్పుడు లేస్తాడు, ఏ దావన పోతాడు, సంగటిలోకి ఏం నంజుకుంటాడు, అన్నీ పాతికేండ్లుగా కనుక్కుంటానే ఉండా. నాకు తెలీదా?"

"మరి మిమ్మల్ని ఎరిగినవాళ్లో?"

గుర్రప్ప వెళ్లి ఆదెన్న పక్కన కూర్చున్నాడు.

"ఈయప్ప ఆదెన్న. ఎడమ చెవి ఇనపడదు. పక్కన మనుషులు లేకపోతే నిద్రపట్టదు. శానా భయస్తుడు," అని చెప్పి, "నా మాదిరే," అన్నాడు.

కానిస్టేబులు ఇద్దర్నీ మార్చి మార్చి చూశాడు. పాపం, ఒకరికొకరు తప్ప ఎవరూ లేని ముసలివాళ్లు కాబోలనుకొని, చెరొక టీ చెప్పాడు.