మెరుపు అంట్లు తోమిన శనివారం

ఆదివారం మెరుపును షెల్టర్‌లో తిరిగి ఇచ్చేయాలని రాగిణి తీర్పు చెప్పేసింది. మెరుపంటే కుక్క. దిక్కులేని కుక్కల్ని ఉంచే ఆ షెల్టర్ నుంచి తెచ్చి మూడు వారాలైనా అది పరుగెత్తగా ఇర్వింగ్ ఊళ్లో ఎవరూ చూడలేదు. భర్త శ్యామ్‌సుందర్‌కి మాత్రం దాని మీద ప్రాణం. ఇంట్లో ఆయన మాట చివరిదాకా వినేది అదొక్కటే.

"ఆఫీస్ కాల్స్ నేనే, వంట నేనే, అంట్లూ నేనే. పడుకుని తినేవాళ్లు ఇంకొకరైతే నా వల్ల కాదండీ."

"ఇంకొకరంటే? మొదటివాళ్లెవరు?"

రాగిణి ఆయన తాగి వదిలేసిన కాఫీ కప్పు తీసుకెళ్లి సింక్‌లో పడేసింది.

శ్యామ్‌సుందర్ ఆలోచించి, టీవీలో వందేళ్లనాటి మూకీ హాస్య చిత్రాలు పెట్టాడు. వాటిలో కుక్కలు ఉయ్యాల ఊపుతాయి, దొంగల పంట్లాములు ఊడబీకుతాయి, గిన్నెలు కూడా కడుగుతాయి. సోఫాలో వాలిన రాగిణి ఆ వారంలో మొదటిసారి నవ్వింది.

"మెరుపూ అంట్లు తోముతుంది. నువ్వు గుడికి డ్రైవ్ చేసి వచ్చేలోగా వీడియో తీస్తా. చేస్తే ఉంచుతావా?"

"చేస్తే ఉంచుతా."

ఆ చుట్టుపక్కల తెలుగు ఇళ్లలోలాగే వాళ్లింట్లోనూ డిష్‌వాషర్ అంటే కడిగిన గిన్నెలు ఆరబెట్టుకునే అలమరా. తోమడమంతా చేత్తోనే. శ్యామ్‌సుందర్ మెరుపును స్టూలెక్కించి, తన చొక్కా తొడిగి, వెనక దాక్కుని చొక్కా చేతుల్లో తన చేతులు దూర్చాడు. ఎదురుగా పప్పు డబ్బాకి ఫోన్ ఆనించాడు.

మొదటి షాట్‌లో మెరుపు గుర్రుపెట్టింది. రెండో షాట్‌లో పెరుగు గిన్నె నాకింది. మూడో షాట్‌లో స్టూలు ఒరిగి, సబ్బునీళ్లలో ఇద్దరూ ఫ్రిజ్ దాకా జారారు. నేలంతా తుడిచి మళ్లీ మొదలుపెట్టాడు. ఏడో షాట్‌కి సింక్ ఖాళీ అయింది, నడుము పడిపోయింది.

గుడి నుంచి వచ్చిన రాగిణి వీడియో చివరిదాకా చూసింది.

"మెరుపుకి మీ పెళ్లి ఉంగరం భలే నప్పిందండీ."

శ్యామ్‌సుందర్ ఉంగరం చెయ్యి వెనక్కి దాచుకున్నాడు. ఆదివారం కళ్లముందు కనిపించింది.

రాగిణి వంటింట్లోకి వెళ్లి పులుసు గిన్నె తిప్పి చూసింది. అడుగున మాడు కూడా లేదు.

"సరే, ఉండనివ్వండి."

"నిజంగానా!"

"ఇంత పని చేసే కుక్కని ఎవరైనా వదులుకుంటారా? రోజూ ఓ వీడియో తీయండి. తీయని రోజు షెల్టర్‌కి ఫోన్ చేస్తా."

"రోజూనా?" శ్యామ్‌సుందర్ మెరుపు వైపు చూశాడు. అది ఆవలించింది.

రాగిణి సోఫాలో కాళ్లు చాపుకుని కళ్లు మూసుకుంది.

"రేపు బాత్రూమ్ సీన్ పెట్టండి."