లొమాయి దేశపు ఉపవాసం

ఆ శనివారం ఉదయం సత్యశ్రీ పెట్టుకున్న పనులు మూడే. ఒకటి, స్టేడియంలో వాలంటీరు డ్యూటీ. రెండు, సాయంత్రం భర్త నాగసతీష్ బండి మీద కాలవ గట్టు వెంట షికారు. మూడు, మేడమీద గదిలో ఉన్న లొమాయి దేశం మర్నాడు ఎనిమిదింటిదాకా ఏమీ తినకుండా చూడడం.

లొమాయి మహాసముద్రం మధ్యలో ఓ దీవి. జనాభా తొమ్మిది వేలు. సాగరతీర దేశాల క్రీడోత్సవానికి ఆ దేశం పంపిన బృందంలో క్రీడాకారుడు, శిక్షకుడు, క్రీడాసంఘం అధ్యక్షుడు ఉన్నారు. చివరి ఇద్దరూ ఒకరే కాబట్టి మనుషులు మాత్రం ఇద్దరే. బరువులెత్తే పోటీలు అమలాపురంలో పెట్టారు. నూట ఎనభై మందితో దిగిన ఓ పెద్ద దేశం ఊళ్ళో లాడ్జీలన్నీ ముందే తీసేసుకుంది. దాంతో లొమాయికి సత్యశ్రీ అత్తవారింటి మేడగది దక్కింది. ఆ ఇంట్లో సత్యశ్రీ అడుగుపెట్టి కూడా అప్పటికి మూడు నెలలే.

క్రీడాకారుడి పేరు టావిటా. ఐదు విమానాలు మారి వచ్చాడు. అతనిది డెబ్భై మూడు కిలోల విభాగం. ఆదివారం ఉదయం ఎనిమిదింటికి తూకం. డెబ్భై మూడు దాటితే ఇంటికే. శుక్రవారం అతని బరువు డెబ్భై రెండు కిలోల తొమ్మిది వందల గ్రాములు. అంటే లొమాయి పరువు వంద గ్రాముల మీద నిలబడి ఉంది. ఆ దేశానికి ఇంతవరకూ ఏ పతకమూ లేదు. పధ్నాలుగు మందిలో పదమూడో స్థానం వచ్చినా దీవిలో సెలవు ఇస్తారట.

శిక్షకుడు ఫెలెటి మీటింగుకని కాకినాడ వెళ్తూ సత్యశ్రీతో, "మా దేశాన్ని మీకు అప్పగిస్తున్నాను" అన్నాడు. ఆమెకి గాలిలో తేలినట్టయింది. అత్తవారింట్లో ఆమెకి అప్పగించిన అతి పెద్ద బాధ్యత అప్పటిదాకా పాలు పొంగకుండా చూడడమే.

"అత్తయ్యగారూ, టావిటా గారికి ఇవాళ అన్నం పెట్టకండి. రేపు పొద్దున్న తూకం అయ్యేదాకా ఉపవాసం" అని చెప్పింది.

దుర్గమ్మగారి మొహం వెలిగిపోయింది. ఆవిడ వాడపల్లి వెంకన్నకి మొక్కుకున్న ఏడు శనివారాల్లో అది ఐదోది. "శనివారం ఉపవాసమా! ఆ దేశంలో కూడానా!"

"ఆయ్" అని సత్యశ్రీ స్కూటీ ఎక్కేసింది.

విశాఖపట్నంలో ఆమె పుట్టింట్లో ఉపవాసం ఉన్నవాళ్ళు మంచినీళ్ళు తాగి పడుకుంటారు. దుర్గమ్మగారింట్లో శనివారం నాడు అన్నం ఒక్కటే ముట్టరు. ఆ లోటు తెలియకుండా మిగతావన్నీ కాస్త ఎక్కువగా తింటారు.

మూడింటికి సత్యశ్రీ ఇంటికొచ్చేసరికి టావిటా అరిటాకు ముందు కూర్చుని, ఊపిరి కోసం ఆగి ఉన్నాడు.

"అత్తయ్యగారూ! ఏం పెట్టేరండీ?"

"ఏం పెడతానమ్మా పాపం! పొద్దున్న పొట్టిక్కలు. పనసాకు బుట్టల్లో ఉడికినవి, ఒంటికి చలవ. పదకొండింటికి పెసరట్టు. ఉప్మా లేకుండా పెసరట్టు పెడతామేంటి, అదీ పెట్టేను. ఇప్పుడు మినపరొట్టి. అన్నం మాత్రం, మీ మావయ్యగారి మీద ఒట్టు, ఒక్క మెతుకు తగల్లేదు."

సత్యశ్రీ టావిటా వైపు తిరిగింది. "మీరైనా వద్దనొచ్చు కదండీ" అని ఇంగ్లీషులో అడిగింది.

"మా దీవిలో పెద్దావిడ పెడితే వద్దనం" అన్నాడతను దిగులుగా. "వద్దంటే ఆవిడ ఏడుస్తుంది. తర్వాత మా అమ్మ ఏడుస్తుంది. దీవి చిన్నది కదా, చివరికి అందరూ ఏడుస్తారు."

అంతలో పక్కింటి రాహేలు టీచరుగారు పెద్ద డబ్బాతో వచ్చారు. "వదినగారూ, ఈ అబ్బాయి మావాడండీ. పెసరట్టు ముందు కళ్ళు మూసుకుని ప్రార్థన చేసుకోడం గోడ మీంచి చూసేను. మావాళ్ళకి శనివారం ఉపవాసం ఎక్కడుందండీ? నేను పక్కింట్లో ఉండగా పిల్లాణ్ణి కడుపు మాడుస్తారా?"

"ఎవరు మాడ్చేరండీ? అడగండి అతన్నే!"

అడగడానికి ఇద్దరికీ అతని భాష రాదు. కాబట్టి నూనెలో వేయించిన గులాబీ పువ్వులు, కేకు అరిటాకులోకి చేరాయి. పెద్దావిడలు ఇద్దరయ్యారు. టావిటా ఇద్దరినీ ఏడిపించలేదు.

నాగసతీష్‌కి కొబ్బరికాయల యార్డు ఉంది. కాయలు తూచే కాటా మీద టావిటాని నిలబెట్టాడు. డెబ్భై నాలుగు కిలోల ఆరు వందలు.

"కంగారు పడకు సత్యా. పరిగెత్తిద్దాం. చెమట పడితే దిగిపోద్ది."

టావిటా కాలవ గట్టు మీద పరిగెత్తాడు. వెనకాల బండి మీద దంపతులు. ఆ రకంగా షికారు కూడా తప్పలేదు. ఎండ కాలవలో పడి మెరుస్తుంటే, దేశం మునిగిపోతున్న సమయంలో కూడా సత్యశ్రీ భర్త భుజం మీద గడ్డం ఆనించింది.

అయితే ఉపవాసం కబురు వాళ్ళకంటే ముందే గట్టెక్కింది. మొదటి మలుపులో కొబ్బరితోట ఉన్న ధర్మరాజుగారు చేతులు చాచి అడ్డంగా నిలబడ్డారు.

"ఉపవాసం మనిషిని పరిగెత్తిస్తారేంటండీ! కళ్ళు తిరగవూ? బొండాం తాగించండి."

"వద్దండీ, బరువు..." అంది సత్యశ్రీ.

"బరువేంటమ్మా, నీళ్ళే కదా!"

బొండాన్ని ఆహారంలో కలిపే మనిషి ఆ గట్టు మీద ఒక్కడూ లేడు. నాలుగు కిలోమీటర్లకి తొమ్మిది బొండాలయ్యాయి. తిరిగొచ్చి తూస్తే డెబ్భై ఐదు కిలోల రెండు వందలు.

"ఏమండీ, ఇంకోసారి పరిగెత్తిద్దామా?"

"వద్దు. ఈసారి ఎనభై దాటిపోతాడు."

సత్యశ్రీ కాటా పక్కనే కూలబడింది. "నమ్మి ఒక దేశాన్ని అప్పగిస్తే లావు చేసేనండీ" అని కళ్ళు తుడుచుకుంది.

ఆదివారం ఉదయం స్టేడియంలో తూకం డెబ్భై నాలుగు కిలోల నాలుగు వందలు చూపించింది. ఫెలెటి శిక్షకుడిగా తల పట్టుకున్నాడు, అధ్యక్షుడిగా కుర్చీ వెతుక్కున్నాడు. టావిటా సంచీ సర్దుకోవడం మొదలుపెట్టాడు.

తూకం చూసే గోవిందరాజులు గారు కళ్ళజోడు సర్దుకున్నారు. "నేనింకా పుస్తకంలో సంతకం పెట్టలేదండి. ఈలోగా కావాలంటే పై విభాగంలోకి మారొచ్చు. ఎనభై ఒక్క కిలోలది."

"అందులో ఎంతమందున్నారండీ?" అంది సత్యశ్రీ నీరసంగా.

"ఇద్దరండి."

ఫెలెటి వేళ్ళ మీద లెక్కపెట్టాడు. ఒకటి, రెండు. మూడో వేలు దగ్గర ఆగి, ఆ వేలునే చాలాసేపు చూశాడు.

ఉట్టినే నిలబడితే పతకం రాదు. రెండు రకాల ఎత్తుల్లోనూ ఒక్కొక్కసారైనా ఎత్తి చూపాలి. ఒక్కోదానికి మూడు అవకాశాలు. మొదటిది ఎలాగో అయింది. రెండోదాంట్లో రెండుసార్లు బరువు కింద పడిపోయింది. ఇక ఒక్కటే మిగిలింది. సత్యశ్రీ భర్త చెయ్యి ఎంత గట్టిగా పట్టుకుందంటే, అతని గడియారం ఆగిపోయింది.

టావిటా తలెత్తి గ్యాలరీ వైపు చూశాడు. అక్కడ దుర్గమ్మగారు నిలబడి, క్యారేజీ పైకెత్తి చూపిస్తూ కేకేశారు.

"నాయనా! నీరసంగా ఉందా? పొట్టిక్కలు తెచ్చేను!"

అతనికి భాష తెలియదు గానీ క్యారేజీ తెలుసు. ఒక్క ఊపున బరువు తల మీదికి లేచింది. బలంతో ఎత్తాడో భయంతో ఎత్తాడో న్యాయనిర్ణేతలు అడగలేదు.

లొమాయిలో మూడు రోజులు సెలవు ఇచ్చారు. నెల తర్వాత, ఫెలెటి తన ప్రభుత్వానికి సమర్పించిన నివేదిక నకలు ఒకటి సత్యశ్రీ పేరున వచ్చింది. అందులో 'పతకానికి కారణం' అన్నచోట ఒకే వాక్యం ఉంది: "పోటీకి ముందురోజు క్రీడాకారుడు అమలాపురం పద్ధతిలో కఠినంగా ఉపవాసం ఉన్నాడు."