దిండు వృషభ వైద్య విజయము

వేసవి సెలవులు కరిగి కరిగి చివరి వారమునకు దిగిన కాలమున, ఒకానొక ఆదివారము, మధ్యాహ్నము మూడు గంటల పది నిమిషముల వేళ, మూడంతస్తుల మేడలో నడిమి అంతస్తున, కుట్టుమిషనుకును టీవీకిని నడుమ మిగిలిన ఆరడుగుల గచ్చునేలయే రణరంగముగా, ప్లాస్టిక్కు కుర్చీయే రథముగా, రెండు బొటనవ్రేళ్ళే చతురంగబలముగా, పశువుల ఆసుపత్రి కాంపౌండరు ఒకడు ఘోరసంగ్రామమునకు ఉపక్రమించెను. అది ఎట్టి సంగ్రామమో వినగోరువారు కొంచెము సర్దుకొని కూర్చుండవలెను. గదిలో చోటు తక్కువ.

ఈ కాంపౌండరును సామాన్యునిగా తలపరాదు. ఇరువదిరెండు సంవత్సరములుగా గోమహిషాజగర్దభ ప్రాణరక్షణదీక్షాధురంధరుడు, సూది దిగిన సంగతి గొడ్డునకు తెలియకమునుపే సూదిని తీసి జేబులో వేసికొను హస్తలాఘవసంపన్నుడు, ఎడమ మోకాలిపై మూడు గిట్టల మచ్చలను బిరుదములవలె ధరించిన వీరాగ్రగణ్యుడు. డాక్టరు సెలవుపెట్టిన దినమున, డాక్టరు రాలేదన్న సంగతి వచ్చిన రైతులెవ్వరికిని తెలియకుండ నడిపింపగల సమర్థుడు. అట్టి మహనీయునికి నేడు ఎదురైన రోగి టీవీ తెరమీద నిలిచియున్న ఒక ఎద్దు. దాని తల చదరము, ఒడలు చదరము, కాళ్ళు నాలుగును చదరములు. పేరు దిండు.

దిండు ఆయన కూతురిది. దిమ్మెమీద దిమ్మె పేర్చి లోకములు కట్టుకొను ఒక వీడియో గేములో, పన్నెండేండ్ల ఆ పిల్ల రెండు సంవత్సరముల క్రిందట దానిని దూడగా మచ్చికచేసికొని, కొట్టము కట్టి, గంట కట్టి, కన్నబిడ్డవలె సాకెను. ఈత శిక్షణకై మూడు దినములు వెళ్ళుచు, అక్కడ ఫోన్లు పట్టనీయరు గనుక, తండ్రి చేతిలో ఒక కాగితము పెట్టెను. అందు రెండే ఆజ్ఞలు. పూటకు రెండు క్యారెట్లు పెట్టవలెను. కొట్టము గేటు తీయరాదు.

మొదటి ఆజ్ఞను కాంపౌండరు తలదాల్చెను. రెండవది చదివి నవ్వుకొనెను. తాతకు దగ్గులు నేర్పినట్లు, పశువుల సంగతి తనకు ఈ పిల్ల చెప్పవచ్చినది. రేయింబవళ్ళు నాలుగు గోడల నడుమ నిలిచిన గొడ్డునకు గిట్టలు చెడునని, మేత రుచింపదని, కొంచెము తిప్పవలెనని ఆయన ఎందరు రైతులను చీవాట్లు పెట్టియుండెనో లెక్కలేదు. కావున శనివారము గేటు బార్లా తీసి, దిండును పచ్చికమీదికి వదలి, టీ త్రాగుటకు వంటగదిలోనికి పోయెను. ఆ లోకమున ప్రొద్దు క్రుంకగానే బురదగుంటలలోనుండి దయ్యములు లేచి పశువులను కరచునని ఆయనకు ఎవరు చెప్పవలెను. గ్లాసు కడిగి వచ్చి చూచునప్పటికి దిండు ఆకుపచ్చబడి, కన్నులెఱ్ఱనై, తానును ఒక దయ్యమై, మేతపెట్టిన చేతినే కుమ్మవచ్చెను. ఆయన ఎట్లో దానిని కొట్టములోనికి తోలి గేటు వేసెను. దొంగలు పడిన ఆరు నెలలకు కుక్కలు మొరిగినట్లుండెను ఆ గేటు వేయుట.

కూతురు ఆదివారము అయిదు గంటలకు తిరిగివచ్చును. లోకములో ఏ జంతువునకు ఏ జబ్బు చేసినను నయముచేయగలవాడు తన తండ్రియొక్కడేయని ఆ పిల్ల బడిలో అందరికిని చెప్పుకొనును. ఆ నమ్మకమే ఇప్పుడు ఆకుపచ్చని కొమ్ములతో కొట్టము గోడను రాచుచుండెను. ఎద్దు పోయిన పోవుగాక, ఆ పిల్ల కన్నులలో ఆ మాట పోవునేమోనని కాంపౌండరునకు రాత్రినుండి అన్నము సహింపలేదు.

గేము సహాయపుటలో వైద్యవిధానము మూడు ముక్కలలో నుండెను. రోగిపై నీరసకషాయము చల్లవలెను. అది సోలినప్పుడు బంగారుపండు తినిపింపవలెను. అంతట అది కోలుకొనును. గేములోనే కూతురు దాచుకొన్న పెట్టెలో వెదకగా కషాయపు సీసాలు కావలసినన్ని దొరికెను. బంగారుపండ్లు మాత్రము మూడు. నాలుగవది కావలెనన్న పాతాళమువంటి గనిలో వారముల తరబడి త్రవ్వవలెను.

ఆ గదిలోనే, గోడవారనున్న కుట్టుమిషనుముందు, కాంపౌండరు భార్య బడిపిల్లల యూనిఫారములు కుట్టుచుండెను. వృత్తిచే దర్జీ. పెదవుల నడుమ అయిదు గుండుసూదులు కరచిపట్టియుండుటచే ఆమె అప్పటికి మౌనవ్రతస్థురాలు. భర్త ఏమి చెప్పినను "ఊఁ" అనును. ఆ "ఊఁ" లోనే ఔనును, కాదును, మీ ఖర్మయు ఇమిడియుండును.

అంత కాంపౌండరు కుర్చీయంచునకు జరిగి, కంట్రోలరు కైకొని, దిండునుద్దేశించి, "ఓరీ వృషభాపసదా! ప్రళయకాలమేఘగంభీరహుంకారములచే దిక్కులు పిక్కటిల్ల విఱ్ఱవీగు ఆబోతులను చెవి మెలిపెట్టి మోకరిల్లజేసిన ఈ బాహుదండమునకు నీవొక లెక్కయా! నీ ఒడలి హరితవర్ణమును గడియలో హరించి నిన్ను మరల కపిలవర్ణునిగావింపనిచో నేను సూదిపట్టినవాడనే కాను!" అని అంతరంగమున గర్జించి, పైకి మాత్రము "రా నాన్నా, రా, ఏం కాదు" అనెను. ఆసుపత్రిలోను ఆయన అట్లే అనును.

కషాయము చల్లెను. దిండు సోలెను. పండు నోటికందించెను. దిండు మ్రింగెను. మరుక్షణమే ఆపాదమస్తకము గడగడ వణకజొచ్చెను.

ఆ వణకు చూడగానే కాంపౌండరు కుర్చీనుండి లేచెను. మందు వేసిన గొడ్డు వణకినచో మందు పడలేదని అర్థము; వెంటనే విరుగుడు ఇయ్యనిచో నేలకొరగును. ఇది ఆయన పుస్తకములో చదివినది గాదు, చేతులకు పట్టిన విద్య. కూతురు గోడకు అంటించుకొన్న పట్టికలో "పాలు: ఏ మందుకైనా విరుగుడు" అని యుండుట ఆయనకు అప్పుడే కంటబడెను. పెట్టెలోనుండి పాలకుండ తీసి దిండు నెత్తిన గ్రుమ్మరించెను. వణకు ఆగెను. ప్రాణము కాపాడితినని కాంపౌండరు నుదురు తుడుచుకొనుచుండగా, ఎప్పటివలెనే ఆకుపచ్చనైన దిండు ఆయనను కొట్టము ఆ మూలకు ఎగురగుమ్మెను. మొదటి పండు అట్లు గతించెను.

లోపమెక్కడనో ఆయన ఆలోచించెను. కడుపునిండ మేసిన గొడ్డునకు మందు వంటబట్టదు. కావున దిండును పావుగంటసేపు ఉపవాసముంచెను. అది ఉపవాసమని దిండునకు తెలియదు. దయ్యములు క్యారెట్లు తినవు. పిదప కషాయము, పండు. మరల అదే వణకు, మునుపటికంటె హెచ్చుగా. మరల పాలు, మరల ఆకుపచ్చదనము, మరల కుమ్ము. రెండవ పండును గతించెను. గడియారము నాలుగుంబావు చూపుచుండెను.

ఈ గేము తయారుచేసినవారికి పశువుల సంగతి బొత్తిగా తెలియదని, ఆ మందు మందే కాదని, తాను నాలుగు మాటలు వ్రాసి పంపెదనని ఆయన భార్యతో చెప్పెను. ఆమె "ఊఁ" అనెను. ఆడలేక మద్దెల ఓడన్నట్లున్నదని ఆ "ఊఁ"నకు అర్థము. ఇంకొక పండు తప్ప గతిలేదు. ఆయన మూడవ కషాయము చల్లెను. మూడవ పండు పెట్టెను. దిండు వణకెను. ఆయన చేయి పాలకుండమీదికి పోయెను.

అప్పుడు మిషను ఆగెను. భార్య నోటిలోని సూదులు ఒక్కొక్కటిగా తీసి పిన్‌కుషనునకు గ్రుచ్చినది.

"మందు మీరే వేస్తారు. అది పనిచేసేలోగా మీరే కడిగేస్తారు. ఇంక అదెలా బాగుపడుతుంది?"

"వణుకుతోంది, కనబడటం లేదా?"

"కనబడుతోంది. వణకనివ్వండి."

కాంపౌండరు పాలకుండను విడువలేదు. కొలువులో చేరిన మొదటి ఏట, ఒక పాలవాని గేదెదూడ సూదివేసిన పిమ్మట ఇట్లే వణకగా, తాను ఏమి చేయుటకును తోచక డాక్టరుకొరకు వీధిలోనికి పరుగెత్తి, తిరిగివచ్చులోగా అది పోయినది. పాలవాడు ఆయనను ఒక్క మాట అనలేదు. దూడ తలను ఒడిలో పెట్టుకొని కూర్చుండెను. నాటినుండి వణకు పశువునెదుట ఆయన చేతులు ఒక్క క్షణము ఊరకుండి యెరుగవు. ఈ సంగతి భార్యకు పెండ్లియైన క్రొత్తలోనే చెప్పియుండెను. ఆమె మరచిపోలేదు గనుకనే మిషను ఆపినది.

"ఇది ఆ దూడ కాదు" అనెను ఆమె. "ఖాళీగా కూర్చుంటే మీరు పాలు పోసేస్తారు. కంట్రోలరు ఇలా ఇచ్చి, ఈ నిక్కరు అంచు విప్పండి. కుట్టు వంకరపోయింది."

ఓ శ్రోతలారా, కత్తిదూసి శత్రువుపై దుముకుట వీరత్వమే. కాని కదలవలెనని రక్తమెల్ల ఘోషించుచుండగా, కుడి బొటనవ్రేలు తిరుగుబాటుచేసి పాలకుండవైపు ఉరుకజూడగా, ఎడమ బొటనవ్రేలు దానికి వంతపాడగా, కండ్లెదుట రోగి నిలువెల్ల కంపించుచు ఎఱ్ఱని బుడగలు చిమ్ముచుండగా, ఇరువదిరెండేండ్ల విద్య చెవిలో చేరి లే లే యని పురికొల్పుచుండగా, ఏడవ తరగతి పిల్లవాని నీలినిక్కరును మోకాళ్ళపై పరచుకొని, చిన్న కత్తెరతో ఒక్కొక్క కుట్టే త్రెంచుచు, ఏమియు చేయకుండ కూర్చుండుట ఎంతటి మహాయుద్ధమో అది చేసినవానికే తెలియును. మొదటి నిమిషమున ఆయన పదునాలుగు కుట్లు విప్పెను. రెండవ నిమిషమున రెండుమారులు కుర్చీనుండి లేచి, రెండుమారులును భార్య చూపునకు కూలబడెను. మూడవ నిమిషమున తెరవైపు చూడనని ఒట్టుపెట్టుకొని చూచెను. నాలుగవ నిమిషమున విప్పనక్కరలేని అంచునుకూడ విప్పివేసెను.

అయిదవ నిమిషమున టీవీలో పెళపెళమని ఏదో పగిలినట్లు చప్పుడాయెను. కాంపౌండరు కండ్లు మూసికొనెను.

"చూడండి" అనెను భార్య.

దిండు గోధుమరంగున నుండెను. కన్నులు నల్లగానుండెను. అది మెడ త్రిప్పి, గంట మ్రోగించి, తీరికగా నెమరువేయుచు, తనకేమియు సంబంధము లేనట్లు గోడవైపు చూచుచుండెను. కాంపౌండరు నిక్కరుతో ముఖము తుడుచుకొనెను. ఆమె ఆ నిక్కరును లాగికొని, విప్పిన రెండవ అంచును చూచి నిట్టూర్చి, మరల సూదులు నోటబెట్టుకొనెను.

అయిదు గంటలకు కూతురు వచ్చెను. తల తడిగానే యుండెను, సంచి భుజముననే యుండెను. చెప్పులు విడువకయే టీవీముందు చతికిలబడి దిండును చూచెను. అటుపిమ్మట పెట్టె తెరచి చూచెను. బంగారుపండ్లు ఏవని అడిగెను. ఎద్దు చెక్కుచెదరక ఎదుట నిలిచియున్నది. ఒక్క చిన్న అబద్ధముతో అంతయు సర్దుకొనిపోవును. ఆ అబద్ధము కాంపౌండరు నాలుకచివరి వరకు వచ్చి, ఆ పిల్ల ముఖము చూచి వెనుకకు పోయెను.

"గేటు నేనే తీశానమ్మా. కాస్త గడ్డి మేస్తుందనుకున్నాను. దాన్ని దయ్యం కరిచింది."

కూతురు మరల తెరవైపు తిరిగెను. గేములోనే దిండు చుట్టును ఒకమారు నడచివచ్చెను. పిదప వెనుకకు తిరిగి, "మూడింటితోనే బాగైపోయిందా?" అని అడిగెను.

"మూడే. రెండు దండగ చేశాను. వణికితే పాలు పోసేశాను."

"నాకు పోయినేడాది తొమ్మిది పట్టాయి నాన్నా. నేనూ వణికినప్పుడల్లా పాలే పోశాను."

"నువ్వెందుకు పోశావు?"

"ఆసుపత్రిలో నువ్వు అలాగే చేస్తావు కదా. వణికితే ఊరుకోవు."

మిషను ఆగి మరల నడచెను. అట్లు ఆ గోమహిషాజగర్దభ ప్రాణరక్షణదీక్షాధురంధరుడు, ఏ విద్య తాను నేర్పితినని ఎరుగడో ఆ విద్యను తనకంటె శ్రద్ధగా ఆచరించి తొమ్మిది పండ్లు పోగొట్టుకొన్న తన ఏకైక శిష్యురాలిని, సకలలోకములు సాక్షిగా, ఆరు పండ్ల తేడాతో జయించెను.