పన్నెండో చావు

ఆ ఉదయం ఎర్సీలియా బోన్‌ఫాంతే వేసుకున్న లెక్క చిన్నదే. పదింటికల్లా ఊళ్లో పారే పో నదిలో దూకి చావాలి, పన్నెండింటికి ఇంటికెళ్లి వేడి సూపు తాగి పడుకోవాలి. మాటల్లేని సినిమాల్లో ఆమెకిది పన్నెండో చావు. విషం, క్షయ, కత్తి అన్నీ అయ్యాయి. ఇటలీలోని టొరీనో నగర జనానికి ఆమె ఏడుపు మొహం మొత్తింది. "ఈ చిత్రమూ ఆడకపోతే వేరే పని చూసుకోవాలమ్మా," అని కంపెనీ యజమాని మర్యాదగానే చెప్పాడు.

అందుకే మార్చి చలిలోనూ మనస్ఫూర్తిగా దూకింది. నీళ్లు నడుము దాకానే ఉన్నాయి. మునగడానికి మోకాళ్లు మడవాల్సి వచ్చింది. రెండోసారి తల ఎత్తేసరికి ఎవరో జుట్టు పట్టుకున్నారు. రేవులో దుప్పట్లు ఉతుకుతున్న చాకలి ముసలమ్మ అల్బీనా.

"వదులవ్వా, ఇది సినిమా."

"సినిమాకి సాయంత్రం పోదువుగాని. ముందు ఒడ్డుకి నడు."

ఒడ్డున, కథలో ఆమెను మోసగించిన ప్రభువు వేషంలో ఉన్న ఫుల్వియో కంగారుగా కోటు విప్పి కప్పబోయాడు. అల్బీనా అతన్ని ఎగాదిగా చూసింది.

"నిన్ను ముంచింది వీడేనా?"

"అవును, కానీ కథలో..." అంది ఎర్సీలియా, పళ్లు టకటకలాడుతుంటే. 'అవును' తర్వాతది అల్బీనా చెవికెక్కలేదు. తడి దుప్పటి మెలేసి ఫుల్వియో వీపున ఒక్కటిచ్చింది.

"పెళ్లి చేసుకుంటావా, లేదా?"

"నాకు పెళ్లయిందమ్మా. ఇద్దరు పిల్లలు." పాపం, ఉన్నమాటే చెప్పాడు. దాంతో రేవులోని మిగతా ఆడవాళ్లూ దుప్పట్లు అందుకున్నారు. దర్శకుడు అడ్డం వస్తే, వీడి తరఫు మనిషనుకుని అతన్నీ వాయించారు. వంతెన మీంచి ఇద్దరు పోలీసులు దిగివచ్చి, అందరినీ విచారించి, ఫుల్వియోనే పట్టుకున్నారు. అతన్ని విడిపించబోయిన ఎర్సీలియా, దుప్పటి కాళ్లకి చుట్టుకుని మళ్లీ నీళ్లలో పడింది. ఈసారి పోలీసుల్ని కూడా వెంట తీసుకెళ్లింది.

ఇంత జరుగుతున్నా ముసలి తొమ్మాజో కెమెరా పిడి తిప్పుతూనే ఉన్నాడు. ఆపమని చెప్పాల్సిన దర్శకుడు దుప్పటి కింద ఉన్నాడు మరి.

వారం తర్వాత ఆ రీలు యజమానికి వేసి చూపించారు. పొమ్మంటే వెంటనే లేచిపోవచ్చని ఎర్సీలియా టోపీ తియ్యకుండానే తలుపు పక్కన కూర్చుంది. చీకట్లో ఏదో ఎక్కిళ్ల చప్పుడు. పెట్టుబడి తలుచుకుని ఏడుస్తున్నాడనుకుంది. దీపం వెలిగించి చూస్తే, నవ్వి నవ్వి కడుపు పట్టుకుని ఉన్నాడు.

"ఇన్నాళ్లూ నిన్ను అనవసరంగా చంపాం తల్లీ," అన్నాడు కళ్లు తుడుచుకుంటూ.

వేసవికల్లా ఆ చిత్రానికి జనం బారులు తీరారు. ఎర్సీలియా తెరమీద మళ్లీ చావలేదు. ఎనిమిదేళ్లు హాయిగా నవ్వించింది. ఆ వేసవిలోనే, తర్వాతి చిత్రంలో వేషం వెయ్యమని అల్బీనాని అడగడానికి తనే రేవుకి వెళ్లింది. అల్బీనా చేతులు తుడుచుకుంది. జీతం సంగతి ఎత్తలేదు. ఈసారి ఎవర్ని కొట్టాలో మాత్రం అడిగి తెలుసుకుంది.