బావమరిదిగారి కనెక్షన్

"ఈ జాతికీ ప్రపంచానికీ మధ్య అడ్డంగా నిలబడ్డ గోడను ఈ చేతులతోనే తొలగిస్తాను!" అని సాంకేతిక శాఖ మంత్రిగారు సోమవారం ఉదయం విలేకరుల సమావేశంలో ప్రకటించారు. చేతులు కూడా చూపించారు. ఫొటోగ్రాఫర్లు చేతులకు విడిగా ఫొటోలు తీసుకున్నారు.

"ఏ గోడ సార్?" అని ఒక విలేకరి అడగబోయాడు. అంతలో టీ వచ్చింది.

నేను మంత్రిగారి పేషీలో ప్రెస్ నోట్లు రాస్తాను. ఆయన దగ్గితే "గళం విప్పారు" అనీ, కునుకు తీస్తే "సుదీర్ఘంగా ఆలోచించారు" అనీ రాయడం నా ఉద్యోగం. అందువల్ల ఆ గోడ సంగతి నాకు ముందే తెలుసు. పత్రికలకు అందని విశేషాలు కొన్ని మిగిలిపోయాయి కనుక, మంత్రిగారి కీర్తి కోసం ఇక్కడ రాస్తున్నాను.

మంత్రిగారికి ఒక బావమరిది ఉన్నారు. పార్టీ యువజన విభాగానికి అధ్యక్షుడు. వయసు నలభై ఆరు. యువత మీద ఆయనకు ఎంత మమకారమంటే, తోటివాళ్లంతా పెద్దవాళ్లయిపోయినా ఆయన మాత్రం యువతను వదిలి వెళ్లలేదు. యువత నాడి పట్టుకోవడానికి రోజంతా ఆన్‌లైన్‌లో యుద్ధం ఆట ఆడతారు. మంత్రిగారి బంగళాలో మేడమీద గది, గదిలో గిర్రున తిరిగే కుర్చీ, చెవులకు డిప్పల్లాంటి హెడ్‌ఫోన్లు. ఆటలో ఆయన పేరు సింహగర్జన.

చిక్కల్లా ఒక్కటే. సింహగర్జనగారు తుపాకీ ఎత్తగానే తెర మీద ఒక చక్రం తిరిగేది. "కనెక్షన్ విఫలమైంది" అని వచ్చేది. చక్రం ఆగాక చూస్తే ఆయన నేలమీద బోర్లా పడి ఉండేవారు. ఎవరో ఆయన మీదుగా నడుచుకుంటూ వెళ్లిపోతుండేవారు.

"నేను ఓడిపోవడం లేదు బావా. నన్ను ఓడిస్తున్నారు," అన్నారాయన ఆదివారం రాత్రి భోజనాల దగ్గర. "ఫైర్‌వాల్ అట. ఇంట్లో ఉన్నది గవర్నమెంటు లైను కదా, గేమ్‌ని లోపలికి రానివ్వడం లేదు."

మంత్రిగారు ముద్ద చేతిలోనే పట్టుకుని ఆగిపోయారు. "అంటే మన గవర్నమెంటు మన ఇంట్లో మనవాణ్నే అడ్డుకుంటోందా?"

"శుక్రవారం మ్యాచ్ ఉంది. ఇంటర్నేషనల్."

మంత్రిగారి భార్య గరిటె కింద పెట్టారు. "చూడండి. మా తమ్ముడి కనెక్షన్ సంగతి తేలేదాకా ఈ ఇంట్లో ఎవరి కనెక్షనూ సరిగ్గా ఉండదు."

మంత్రిగారు ఆ క్షణంలోనే దాన్ని జాతీయ సమస్యగా గుర్తించారు.

సోమవారం ప్రకటన అయిపోయాక, శాఖలో కంప్యూటర్ల వ్యవహారం చూసే ఇంజనీరు మేడమ్‌ను పిలిపించారు. ఆవిడకు తక్కువ మాట్లాడే అలవాటు. మా శాఖలో అది ఒక లోపంగానే పరిగణిస్తారు.

"ఫైర్‌వాల్ అంటే గేటు దగ్గర వాచ్‌మన్ లాంటిది సార్," అన్నారావిడ. "ఎవరిని పంపాలో, ఎవరిని ఆపాలో మనం చెబుతాం. ఈ గేమ్‌కి ఒక నంబరు పోర్ట్, అంటే చిన్న తలుపు, తెరిచి, పేరు చెప్పి పంపించమంటే చాలు. రెండు నిమిషాల పని."

మంత్రిగారి ముఖం వాడిపోయింది. "రెండు నిమిషాలా?"

"ఇంకా తొందరగా కూడా చెయ్యొచ్చు సార్."

"అమ్మా, రెండు నిమిషాల పనికి మంత్రి ఎందుకమ్మా?"

పక్కనే ఉన్న కార్యదర్శిగారు గొంతు సవరించుకున్నారు. ఎందరో మంత్రులను చూసినవారు. "మేడమ్ టెక్నికల్‌గా చెబుతున్నారు సార్. పరిపాలనాపరంగా చూస్తే ఇది చాలా పెద్ద పని."

మంత్రిగారి ముఖం మళ్లీ విచ్చుకుంది. సాయంత్రానికల్లా ఉన్నతస్థాయి కమిటీ ఏర్పడింది.

పోర్ట్ అన్న మాట ఉంది కనుక ఫైలును ఓడరేవుల శాఖకు పంపారు. వాళ్లు తీరమంతా వెతికించి, "తాము కోరిన నంబరు గల పోర్ట్ మా అధీనంలో లేదు, అయితే ప్రైవేటు భాగస్వామ్యంతో నిర్మించుటకు అభ్యంతరం లేదు" అని జవాబిచ్చారు. ఫైర్ అన్న మాట కూడా ఉంది కనుక అగ్నిమాపక అధికారి స్వయంగా బంగళాకు వచ్చి, మేడమీది కంప్యూటర్ చుట్టూ ఒకసారి తిరిగారు.

"వాల్ ఎక్కడండీ?"

"లోపల ఉంటుందండీ," అన్నారు మేడమ్.

"లోపలా? అయితే మరీ ప్రమాదం," అని కుర్చీకి ఒక ఇసుక బకెట్ తగిలించి, నిరభ్యంతర పత్రం మీద సంతకం చేసి వెళ్లారు. ఆ బకెట్ బరువుకు కుర్చీ తిరగడం మానేసింది. బావమరిదిగారు దాన్ని కూడా కనెక్షన్ ప్రాబ్లమ్ కిందే జమకట్టారు.

రెండు నిమిషాల పని చేయవచ్చునని గురువారం కమిటీ నివేదిక ఇచ్చింది. మేడమ్ కూర్చుని, కీబోర్డు మీద ఏవో కొట్టి లేచారు. బావమరిదిగారు ఆట తెరిచారు. చక్రం తిరగలేదు. ఆయన తుపాకీ ఎత్తారు. వెంటనే చనిపోయారు.



"లైను ఇంకా వీకే బావా," అన్నారాయన హెడ్‌ఫోన్లు తీస్తూ. "మధ్యలో ఎవరో వాడుతున్నారు."

మంత్రిగారు మేడమ్ వైపు తిరిగారు. "ఎవరమ్మా మన లైను వాడేది?"

"పింఛన్ల ఆఫీసు, సర్టిఫికెట్ల కౌంటర్లు, ఫిర్యాదుల పోర్టల్, అన్నీ దీనిమీదే నడుస్తాయి సార్."

"మ్యాచ్ అయ్యేదాకా వాళ్లని కాస్త ఆగమను."

"వాళ్లు జనం సార్."

"జనానికి ఓపిక ఎక్కువమ్మా. ఆ నమ్మకంతోనే నేను రాజకీయాల్లోకి వచ్చాను."

మేడమ్ రాతపూర్వకంగా కావాలన్నారు. కార్యదర్శిగారు అక్కడికక్కడే రాయించారు: "ఆటను అనుమతించవలెను. తక్కినవన్నియు నిరాకరించవలెను." మా ప్రభుత్వం ఇంత స్పష్టంగా రాసిన ఉత్తర్వును నా సర్వీసులో నేను చూడలేదు.

శుక్రవారం మ్యాచ్ చూడటానికి మా ఆఫీసు పైఅంతస్తు హాల్లో పెద్ద తెర కట్టి, దాని ముందు బావమరిదిగారికి కంప్యూటరూ కుర్చీ వేశారు. మెట్లెక్కబోతుంటే కింద పింఛన్ల కౌంటర్ దగ్గర మా పెద్దమ్మ కనిపించింది. పెదనాన్నగారి పింఛను ఆవిడకు వస్తుంది. బతికి ఉన్నట్టు ఏటా నమోదు చేయించుకోవాలి. దానికి అదే ఆఖరి రోజు. వెనకాల వరస గేటు దాకా ఉంది.

"ఒరే, వేలు పెట్టమన్నారు, పెట్టాను. సిస్టం రావట్లేదంటున్నాడు," అంది పెద్దమ్మ.

కౌంటర్లోని గుమాస్తా నన్ను చూసి లేచాడు. "పొద్దున్నుంచీ ఇంతే సార్. ఎవరి వేలూ తీసుకోవట్లేదు."

"నేను బతికే ఉన్నా కదా నాయనా! ఎదురుగా నిలబడి మాట్లాడుతున్నాగా!"

"నేను చూస్తే చాలదమ్మా. సిస్టం చూడాలి."

"అయితే మీమీద ఫిర్యాదు చేస్తాను."

"తప్పకుండా చెయ్యండమ్మా, మీ హక్కు. కాకపోతే అది కూడా సిస్టంలోనే చెయ్యాలి."

పెద్దమ్మ నా వైపు చూసింది. నేను గడియారం వైపు చూసి, "కాస్త కూర్చో పెద్దమ్మా, మ్యాచ్ అయిపోగానే వస్తుంది," అన్నాను.

"ఏ మ్యాచ్?"

నేను మెట్లెక్కేశాను.

హాలంతా నిండిపోయింది. యువజన విభాగం వాళ్లు జెండాలతో వచ్చారు. మంత్రిగారు రిబ్బన్ కత్తిరించి మ్యాచ్‌ను జాతికి అంకితం చేశారు. తెరమీద సింహగర్జనగారు ప్రత్యక్షం కాగానే ఈలలు. చక్రం లేదు. విరామం లేదు. బొమ్మ అద్దంలా ఉంది. ఆయన పరుగెత్తారు, తుపాకీ ఎత్తారు, సొంత జట్టువాణ్ని కాల్చారు, వెనక్కి తిరిగారు, పడిపోయారు. ఒకరు ఆయన మీదుగా నడిచి వెళ్లారు. ఆ నడిచినవాడి బూట్ల లేసులు కూడా స్పష్టంగా కనిపించాయి.

"కనెక్షన్..." అన్నారు బావమరిదిగారు.

"ఫుల్ స్పీడ్ ఉంది సార్," అన్నారు మేడమ్. "ఇంత బాగా ఎప్పుడూ లేదు."

ఆ మాట హాలంతా వినబడింది. బావమరిదిగారు హెడ్‌ఫోన్లు తీసి ఒళ్లో పెట్టుకున్నారు. ఇన్నాళ్లూ ఆయనకు అండగా ఉన్నది ఆ గోడ ఒక్కటేనని నాకు అప్పుడు తట్టింది. మనిషి కుర్చీలో ఎంత చిన్నగా ముడుచుకున్నారంటే, మొదటిసారి నాకు ఆయన నిజంగా కుర్రాడిలా కనిపించారు.

కానీ మంత్రిగారు మంత్రిగారే. ఒక్క ఉదుటున లేచి చప్పట్లు కొట్టారు. "చూశారా! చక్రం తిరిగిందా? ఆగిందా? మావాడు ఎంత నిరాటంకంగా పడిపోయాడో చూశారా! ఇదీ అభివృద్ధి!"

హాలు దద్దరిల్లింది. "ప్రపంచంతో పోటీకి ఇక అడ్డు లేదు" అని నేను నోట్ రాశాను. అన్ని పత్రికలూ వేశాయి.

సోమవారం ప్రభుత్వ పెద్ద స్వయంగా పూలగుత్తి పట్టుకుని మా ఆఫీసుకు వచ్చారు. శుక్రవారం నుంచి మా శాఖమీద ఒక్క ఫిర్యాదు కూడా రాలేదట. ఇంతవరకూ ఏ శాఖకూ దక్కని ఘనత అట. రహస్యమేమిటని తక్కిన మంత్రులంతా అడుగుతున్నారట. మంత్రిగారు వినయంగా తలవంచి, "సెట్టింగ్స్ సార్," అన్నారు.

ఆయన వెళ్లాక మేడమ్ లోపలికి వచ్చారు. "సార్, మ్యాచ్ అయిపోయింది కదా. ఆ లైన్లు మళ్లీ తెరవమంటారా?"

"తెరవమని ఎవరైనా అడిగారా?"

"అడగడానికి దారి లేదు సార్."

"అడగలేదు కదా? మరి తొందరేముందమ్మా?"

అయినా మంత్రిగారిది జాలిగుండె. శుక్రవారం నమోదు కానివాళ్లందరినీ సిస్టం మర్నాటికి మృతుల్లో చేర్చింది. ఒక్కరోజులో అంతమంది పోయారని విని ఆయన చలించిపోయారు. భోజనం ఆలస్యంగా చేశారు. ప్రతి ఇంటికీ తన ఫొటోతో సంతాప సందేశం వెళ్లాలని ఆదేశించారు. నేను రెండు గంటలు కూర్చుని రాశాను. ఫోన్ల కంపెనీ లైను వేరు కాబట్టి అన్నీ చక్కగా చేరాయి.

సాయంత్రం పెద్దమ్మ ఇంటికి వెళ్లాను. వరండాలో కూర్చుని, ఫోను ముఖానికి దగ్గరగా పెట్టుకుని చదువుతోంది. "నిరాడంబర జీవి... నలుగురికీ తలలో నాలుక... ఆమె లేని లోటు తీరనిది..." అంటూ చివరిదాకా చదివి కళ్లద్దాలు తీసింది.

"ఎవరు రాశార్రా ఇది?"

"నేనే పెద్దమ్మా."

పెద్దమ్మ చీర కొంగుతో అద్దాలు తుడుచుకుంది.

"బాగా రాశావు. బతికుండగా నా గురించి ఇంత మంచిగా ఒక్కరూ అనలేదు."